మేస్త్రికి తెలియని మెయిన్ స్విచ్చి

"చనిపోయిన రోజు సాయంత్రం మీ అల్లుడు మీతో ఎంతసేపు ఆడాడు?"

"ఆట ఆరింటిదాకా నడిచింది. కానీ చివర్లో ఆడింది మా అల్లుడు కాదు" అంది లెక్చరరమ్మ.

డిటెక్టివ్ తలెత్తింది. ఎదుటి మనిషి ముప్పయ్యేళ్ళు కాలేజీలో ఫిజిక్స్ చెప్పి రిటైరైన ఆవిడ. దుఃఖంలో కూడా మాట తూచి మాట్లాడే రకం. అలాంటి మనిషి ఊరికే అనదు.

డిటెక్టివ్‌ను పోలీసులు 'భూతద్దం' అంటారు. ఇన్సూరెన్సు కంపెనీలో దొంగ క్లెయిములు పట్టే రోజుల్లో వెక్కిరింతగా తగిలించిన పేరది. ఉద్యోగం మానేసి సొంత ఆఫీసు తెరిచినప్పుడు ఆ పేరే బోర్డు మీద రాయించుకుంది.

"మొదట్నుంచీ చెప్పండి. నాకు ఆటలు రావు, నన్నొక మొద్దు స్టూడెంటు అనుకోండి."

లెక్చరరమ్మ కుర్చీని కంప్యూటర్ దగ్గరికి లాక్కుంది. ఆ గది ఆవిడ అల్లుడు పళ్ళ డాక్టరుది. పోయింది అతనే. ఇంటి పైఅంతస్తులో ఒక బల్ల, పెద్ద తెర, గోడకు పాత ఫ్యాను, వెనక తలుపు తీస్తే కిందికి దిగే ఇనప మెట్లు. ఆదివారం రాత్రి ఆ మెట్ల కింద తల పగిలి పడి ఉన్న అతన్ని భార్యే చూసి కేక పెట్టింది.

"ఇది ఫ్యాక్టరీ కట్టే ఆట. ఖాళీ నేల ఇస్తారు. గనులు తవ్వాలి, కొలుములు పెట్టాలి, బెల్టులు పరచాలి, కరెంటు పుట్టించాలి. ఒక్కరు చేస్తే నెలలు పడుతుంది, అందుకే నలుగురం కలిసి ఆడతాం. ఈ లోకం మా అల్లుడి మెషీన్లో ఉంది, అతను హోస్టు. అతను తెరిస్తే మేం ఎవరిళ్ళలోంచి వాళ్ళం గెస్టులుగా చేరతాం. అతను మూసేస్తే అందరం ఒక్కసారే బయటికి పోతాం."

"ఇల్లుగలాయన తలుపు వేస్తే చుట్టాలు వీధిలో పడ్డట్టు."

"సరిగ్గా అంతే. ఆటలో అతని పేరు మేస్త్రి. వాళ్ళ తమ్ముడు బుల్లోడు. క్లినిక్‌లో అతని భాగస్థుడు, పెద్ద డాక్టరు, రైలుబాబు. రైలు పట్టాలు తప్ప ఇంకేమీ వేయడు లెండి. నాకు బొగ్గు గనులు అప్పజెప్పారు. అత్తగారిని బొగ్గులో దించిన మొదటి అల్లుడు వాడేనేమో." నవ్వబోయి ఆగిపోయింది.

"ఆ ఆదివారం ఎవరెవరు చేరారు?"

"నేనూ, బుల్లోడూ. రైలుబాబు పనుందని రాలేదు. భోజనాలయ్యాక మొదలుపెట్టాం. మా వాడు మైకులో పాటలు పాడుతూ బెల్టులు వేస్తున్నాడు. నాలుగింటికి కాబోలు, 'అత్తయ్యా, ఎవరో వచ్చారు, ఇప్పుడే వస్తా' అన్నాడు. మేస్త్రి బొమ్మ నిలబడ్డ చోటే చాలాసేపు నిలబడిపోయింది. మళ్ళీ కదిలాక మాట లేదు. 'మైకు పాడైంది' అని టైపు చేశాడు. ఆ తర్వాత అన్నీ ముక్తసరి జవాబులే."

భూతద్దం మైకు చేతిలోకి తీసుకుని ఫూ అని ఊదింది. తెర మీద పచ్చ గీత ఎగిరిపడింది. మైకు నిక్షేపంలా ఉంది.

"మైకు ఒక్కటేనా, ఇంకేమైనా ఉందా?"

"ఉంది. ఐదు దాటాక ఫ్యాక్టరీలో కరెంటు పోయింది. మెయిన్ స్విచ్చి ఎర్ర గోడ వెనక ఉంటుంది. ఆ గోడ కట్టిందీ, ఎర్ర రంగేసిందీ మా అల్లుడే. బుల్లోడు ఉత్తరాన చాలా దూరంలో ఉన్నాడు. 'మేస్త్రీ, మెయిన్ వేయి' అని నేనే టైపు చేశాను. ఎంతకీ వేయడే! సరే, నేనే పోదామని బొగ్గు గని నుంచి పరుగెత్తాను. సగం దారిలో లైట్లు వచ్చాయి. తీరా ఎర్ర గోడ దగ్గరికి వెళ్ళి చూస్తే స్విచ్చి ఆఫ్‌లోనే ఉంది."

"మరి కరెంటు?"

"ఇంకోవైపు నుంచి వచ్చింది. ఎవరో వేరే తీగ లాగి, కొత్త స్విచ్చి పెట్టారు. తన ఇంట్లో మెయిన్ ఎక్కడుందో తెలియని మేస్త్రి ఉంటాడా అమ్మా?"

భూతద్దం జవాబు చెప్పేలోగా తలుపు దగ్గర గొంతు వినిపించింది.

"కరెంటు ఎటునుంచి వస్తే ఏముంది? మనిషి పోయాడు, కేసు తేలిపోయింది."

ఇన్‌స్పెక్టరు. భూతద్దానికి సొంత మరిది. అన్నగారి ఇంట్లో వదిన చేతి కాఫీ తాగుతాడు, బయటికొస్తే ఆమె మొహం చూస్తే మండిపడతాడు.

"ఏం తేలిందయ్యా?"

"వదినా, చిన్న లెక్క. హోస్టు లేకపోతే ఆట ఉండదు. ఆట ఆరింటిదాకా ఉంది. అంటే ఆరింటిదాకా మనిషి బతికే ఉన్నాడు. ఆరు తర్వాత ఆయన భార్య ఎదురింటి టైలరు దగ్గర కూర్చుంది, టైలరుతోనే తిరిగొచ్చి శవాన్ని చూసింది. పెద్ద డాక్టరు క్లినిక్‌లో పేషెంట్ల మధ్య ఉన్నాడు, ఆ రోజు అసలు ఈ ఇంటికే రాలేదన్నాడు. తమ్ముడు షటిల్ కోర్టులో ఉన్నాడు. కాలు జారి పడ్డాడనే రాసేవాణ్ణి."

"రాసేవాడివా? రాయలేదన్నమాట."

ఇన్‌స్పెక్టరు బల్ల మీదున్న చిన్న నల్ల మౌసు వైపు వేలు చూపించాడు. "డాక్టరుది ఎడమచేతి వాటం. ఎడమచేతి మౌసు తెర వెనక పడుంది. బిగించి ఉన్నది ఈ కుడిచేతి మౌసు. ఎవరిదని అడిగితే తమ్ముడిదని తేలింది. మధ్యాహ్నం నుంచి వాడు నా స్టేషన్లో బెంచీ మీద ఉన్నాడు. సెల్లు కూడా లాగేసుకున్నాను. ఇంటివాళ్ళకి ఇంకా చెప్పలేదు."

"అయితే ఆ కుర్చీలో వేరే మనిషి కూర్చున్నాడని నువ్వూ ఒప్పుకున్నట్టేగా. మరి ఆరింటిదాకా బతికే ఉన్నాడన్న లెక్క ఏమైంది?"

ఇన్‌స్పెక్టరు మీసం మీద చెయ్యేసుకున్నాడు. "అదే... తమ్ముడు కూర్చుని ఉండొచ్చు."

"బుల్లోడు ఆ టైములో మైకులో నాతో మాట్లాడుతూనే ఉన్నాడు. అటు ఉత్తరాన ఉక్కు పోస్తున్నాడు" అంది లెక్చరరమ్మ. "రెండు బొమ్మల్ని ఒక్కడే ఆడించడం మీరనుకున్నంత తేలిక కాదు బాబూ."

"అవునయ్యా. ఆరు తర్వాత అందరికీ సాక్షులున్నారు. ఆరుకు ముందు ఎవరికీ లేరు. ఆరింటిదాకా ఆట నడిస్తే ఎవరికి లాభమో అది ఆలోచించు" అంది భూతద్దం. "ఈ మౌసు ఇక్కడికెలా వచ్చింది?"

"తమ్ముడు పాత లాప్‌టాప్‌తోపాటు దీన్ని కూడా ఈ ఇంట్లోనే వదిలేశాడట. చెప్పాడు. నమ్మలేదు."

"ఆ లాప్‌టాప్ ఏదీ?"

అడగలేదన్న సంగతి ఇన్‌స్పెక్టరు మొహంలోనే తెలిసిపోయింది. భూతద్దం లెక్చరరమ్మ చెవిలో ఏదో చెప్పింది; ఆవిడ సెల్లు తీసి రైలుబాబుకు కబురు పంపింది.

మెట్ల మీద అడుగుల చప్పుడైంది. డాక్టరు భార్య, లెక్చరరమ్మ కూతురు, మంచినీళ్ళు తెచ్చింది. ఆమె మత్తు డాక్టరు. ఆపరేషన్లకు మత్తివ్వడం ఆమె పని, వారానికి రెండుసార్లు భర్త క్లినిక్‌కి వెళ్ళేది. కళ్ళకింద నలుపు, చేతిలో ట్రే.

"మీకు ఈ ఆట వచ్చా అమ్మా?" అడిగింది భూతద్దం.

"నాకా? మౌసు పట్టుకోవడం కూడా సరిగా రాదు. పెళ్ళైన కొత్తలో ఆయన పక్కన కూర్చుని చూసేదాన్ని, అంతే."

"పిల్ల చనిపోయిన కేసు విచారణ సోమవారం జరగాల్సిందటగా?"

గ్లాసు ట్రే మీద టంగుమంది. ఇన్‌స్పెక్టరు చురుగ్గా వదిన వైపు చూశాడు. పన్ను తీయించుకోవడానికి క్లినిక్‌కి వచ్చిన ఏడేళ్ళ పిల్ల మత్తులోంచి లేవలేదు. ఊరంతా తెలిసిన సంగతే. ఆ విచారణలో పళ్ళ డాక్టరు ఏం చెప్పబోతున్నాడో మాత్రం ఎవరికీ తెలియదు.

"ఆ పిల్లకి గుండె జబ్బుంది" అంది మత్తు డాక్టరు. "అమ్మా, నాకు తల పగిలిపోతోంది. కింద పడుకుంటాను."

"పడుకో తల్లీ" అని, లెక్చరరమ్మ భూతద్దం చెవిలో చెప్పిన మాట అంది. "రేపు ఈ మెషీన్ పోలీసు ల్యాబుకి పోతుందట. ఆయన కట్టిన ప్రతి ఇటుకా, ఎప్పుడు కట్టాడో కూడా చూస్తారట. అందుకే ఇవాళ కాసేపు తెరుస్తున్నాను. బుల్లోడికీ, రైలుబాబుకీ కబురు పెట్టాను. చివరిసారి అందరం చూసుకుందామని."

కూతురు తలుపు పట్టుకుని ఒక్క క్షణం నిలబడింది. తర్వాత గబగబా దిగి వెళ్ళిపోయింది.

"బుల్లోడు నా బెంచీ మీదుంటే కబురేంటి?" గుసగుసగా అడిగాడు ఇన్‌స్పెక్టరు.

"అందుకే కదయ్యా సరదా. నోరు మూసుకుని ఆ మూల కూర్చో."

ముందు ఆ కొత్త స్విచ్చి దొరకాలి. లెక్చరరమ్మ మేస్త్రి బొమ్మను నడిపించింది. తెర నిండా పొగగొట్టాలు, మెలికలు తిరిగిన బెల్టులు, వాటి మీద బారులు తీరి జారిపోతున్న ఇనప ముక్కలు. కట్టినవాడు పోయాడని వాటికి తెలియదు.

"అతని స్తంభాలు చూడండి, సూత్రం పట్టి పాతినట్టు ఉంటాయి" అంది లెక్చరరమ్మ. ఫ్యాక్టరీ నుంచి జనరేటర్ల దాకా తీగ వెంట పోయింది. చివరి జనరేటరు వెనక ఒక స్తంభం వంకరగా, వరసకు అడ్డంగా పాతి ఉంది. దానికి తగిలించి ఒక స్విచ్చి. నిండా వెలుగుతోంది.

"ఇదే. ఇక్కడికి మేమెవరం రాము. చూడాల్సిన పనే లేదు."

"అంటే ఇది ఇక్కడుందని పెట్టినవాళ్ళకి తప్ప ఇంకెవరికీ తెలియదు. లెక్చరర్‌గారూ, ఇక తలుపు తెరవండి."

ఆవిడ సెషన్ తెరిచింది. మిత్రులకు మాత్రమే అనే గడి మీద నొక్కింది.

'రైలుబాబు చేరారు' అని తెర మూల వచ్చింది.

"కబురు పెడితే రాకపోతే బాగుండదని వచ్చుంటాడు" అన్నాడు ఇన్‌స్పెక్టరు.

ఇంకాసేపటికి మరో వాక్యం.

'బుల్లోడు చేరారు.'

ఇన్‌స్పెక్టరు కుర్చీలోంచి లేచాడు. "అసాధ్యం! వాడు..." సెల్లు తీసి స్టేషనుకు చేశాడు. అవతలి మాట విని మెల్లగా దించాడు. "బెంచీ మీదే ఉన్నాడు వదినా. నిద్రపోతున్నాట్ట."

"బుల్లోడి పేరుతో ఎవరో అతని పాత లాప్‌టాప్ తెరిచారన్నమాట. ఇప్పుడు ఆర్పండి అమ్మా."

లెక్చరరమ్మ ఆ వంకర స్తంభం మీద స్విచ్చి నొక్కి, మేస్త్రిని జనరేటర్ల చాటుకు తప్పించింది. ఫ్యాక్టరీ మొత్తం ఒక్కసారి చీకటైంది. బెల్టులు ఆగిపోయాయి.

రైలుబాబు టైపు చేశాడు: 'మెయిన్ పోయింది. నేను వేస్తా.' అతని బొమ్మ తిన్నగా ఎర్ర గోడ వైపు పరుగెత్తింది. అంటే అతనికి తెలిసింది పాత చోటే. బుల్లోడు మాత్రం ఒక్క మాటా మాట్లాడలేదు. అతని దీపం చీకట్లో ఊగుతూ ఎర్ర గోడను దాటేసింది. కొలుములు దాటింది. చెరువు దాటింది. నేరుగా జనరేటర్ల వెనక్కి వచ్చింది.

అవతల రైలుబాబు ఎర్ర స్విచ్చి వేశాడు. లైట్లన్నీ భగ్గుమన్నాయి. ఆ వెలుగులో బుల్లోడి బొమ్మ వంకర స్తంభం ముందు నిలబడి, దాన్ని పీకేస్తోంది.

"పట్టుకున్నాం!" అన్నాడు ఇన్‌స్పెక్టరు, అంతదాకా తనదే ఆ ఎత్తు అన్నట్టు.

లెక్చరరమ్మ తెరకు బాగా దగ్గరగా వంగి చూస్తోంది. ఆవిడ పెదవులు పాలిపోయాయి.

"ఏమైంది?" అంది భూతద్దం.

"గెస్టు ఎవరైనా సరే, వేరే ఇంటి నుంచి వస్తే బొమ్మ తడబడుతుంది. ఒక అడుగు ఆగి, ఒక అడుగు ఎగిరి. ఈ బొమ్మ నూనె మీద జారినట్టు నడుస్తోంది. ఇది... ఇదే ఇంటి లైను మీదుంది."

కింద గదిలో మంచం కిర్రుమన్న చప్పుడు స్పష్టంగా వినబడింది.

ఇన్‌స్పెక్టరు తలుపు వైపు దూకబోయాడు. భూతద్దం చొక్కా పట్టుకుని ఆపింది. తెర మీద బుల్లోడు పీకడం మానేశాడు. బొమ్మ మెల్లగా వెనక్కి తిరిగి, చాటున ఉన్న మేస్త్రిని చూస్తూ నిలబడింది. తెర మూల అక్షరాలు ఒక్కొక్కటే వచ్చాయి.

'అమ్మా, కుర్చీలో నువ్వేనా?'

'నువ్వొక్కదానివే కిందికి రా. ఆలస్యం చేస్తే నేనుండను.'

భూతద్దానికి గుర్తొచ్చింది. ఇది మత్తు డాక్టరు ఇల్లు. మందుల బీరువా కింది పడకగదిలోనే ఉండడం పొద్దున తానే చూసింది. "లెక్చరర్‌గారూ, లేవకండి. కుర్చీ వదలకండి. మీరు మాట్లాడుతున్నంతసేపూ ఆవిడ చేతులు మీటల మీద ఉంటాయి. ఆట మూసేస్తే ఇక ఆవిడకి మాట్లాడే మనిషి ఉండరు."

ఆవిడ తలూపింది. కళ్ళనీళ్ళు తుడుచుకోకుండానే టైపు చేసింది: 'వస్తున్నా తల్లీ. మోకాళ్ళ నొప్పి, మెట్లు దిగడం ఆలస్యమవుతుంది. నాతో మాట్లాడుతూ ఉండు.'

'నామీద కోపమా?'

'నువ్వు అన్నం తిన్నావా లేదా, ముందు అది చెప్పు.'

వదినా మరిదీ చెప్పులు విప్పి మెట్లు దిగారు. పడకగది తలుపు లోపల గడియ వేసి ఉంది. మీటలు నొక్కుతున్న టకటక సన్నగా వినిపిస్తోంది. భూతద్దం చెవి ఆనించి, ఆ చప్పుడు ఆగకముందే తలాడించింది. ఇన్‌స్పెక్టరు భుజంతో ఒక్క గుద్దు గుద్దాడు. రెండో గుద్దుకి గడియ ఊడిపోయింది.

మత్తు డాక్టరు నేల మీద కూర్చుని ఉంది. ఒళ్ళో లాప్‌టాప్. పక్కన మంచం పట్టె మీద నింపి పెట్టిన సిరంజి. ఆమె చెయ్యి దాని మీదికి పోయేలోపు భూతద్దం లాగేసుకుంది.

"ఇచ్చేయండి. దయచేసి ఇచ్చేయండి" అందామె, మందు అడుగుతున్న రోగిలా.

"ఆ పిల్లకి మత్తు ఎక్కువిచ్చింది మీరేనా?"

ఆమె తలూపింది. "సోమవారం నిజం చెప్పేస్తానన్నారు ఆయన. చెబితే క్లినిక్ మూతపడుతుందని పెద్ద డాక్టరు బతిమాలడానికి వచ్చాడు. మాటా మాటా పెరిగింది. నేను పైకి వచ్చేసరికి ఆయన మెట్ల కింద ఉన్నారు. తోసింది నేను కాదు. అతను."

"కుర్చీలో కూర్చోమన్నదీ అతనేనా?"

"ఆట ఆగితే మా అమ్మకి అనుమానం వస్తుందన్నాడు. ఆరింటిదాకా నడిపించమన్నాడు."

"అప్పటికే ఆయన పోయారా?"

ఆమె మొహం చేతుల్లో దాచుకుంది. గొంతు వేళ్ళ మధ్య నుంచి వచ్చింది. "ఊపిరి ఉంది. నేను మత్తు డాక్టర్ని, ఊపిరి ఉందో లేదో నాకు తెలీదా? కిందికి దిగి చెయ్యి పెట్టి చూశాను. అంబులెన్సుకి చేస్తే బతికేవారేమో. బతికితే సోమవారం వెళ్ళేవారు. నేను పైకెళ్ళి కుర్చీలో కూర్చున్నాను."

గుమ్మంలో ఏదో పడ్డ చప్పుడైంది. లెక్చరరమ్మ. తలుపు విరిగిన చప్పుడు విని ఆగలేక దిగి వచ్చింది. చేతిలోని కళ్ళజోడు జారి నేల మీద పడింది. దాన్ని తీసుకోవడానికి వంగలేదు.

"నేను బొగ్గు పంపిస్తున్నాను, నువ్వు సరే సరే అని టైపు చేస్తున్నావు" అంది కూతుర్ని చూస్తూ. "కింద వాడు ఊపిరి తీస్తున్నాడు."

లెక్చరరమ్మ వెళ్ళి ఆమె పక్కన నేల మీద కూర్చుంది. దగ్గరికి తీసుకోలేదు. దూరంగా జరగనూ లేదు.

ఇన్‌స్పెక్టరు గొంతు సవరించుకున్నాడు. "వదినా, ఈవిడ మాట తప్ప పెద్ద డాక్టరు మీద మనకేమీ లేదు. అతను కాదంటే కాదంతే. మంచి లాయరుంటే..."

భూతద్దం వినడం లేదు. నేల మీదున్న లాప్‌టాప్ తెర ఇంకా వెలుగుతోంది. పైన హోస్టు మెషీన్‌ను ఎవరూ మూయలేదు. ఆట నడుస్తూనే ఉంది. ఇంతసేపూ తల్లీకూతుళ్ళు టైపు చేసుకున్న మాటలన్నీ మూడో మనిషైన పెద్ద డాక్టరు కూడా చదువుతున్నాడన్న సంగతి ఎవరికీ గుర్తు రాలేదు. రైలుబాబు బొమ్మ ఎర్ర గోడ పక్కన కదలకుండా నిలబడి ఉంది. దాని పేరు మీద కొత్త వాక్యం కనబడింది.

'అత్తయ్యగారూ, మీ అమ్మాయి ఏం చెప్పినా నమ్మకండి. మెట్ల కింద ఊపిరి ఉందని చూసి కూడా ఊరుకున్నది తనే.'

భూతద్దం రెండుసార్లు చదివింది. "మరిదీ, ఊపిరి సంగతి ఆటలో ఎవరైనా టైపు చేశారా?"

ఇన్‌స్పెక్టరు వంగి పైనుంచి కింది దాకా చదివాడు. "లేదు. అమ్మా, కోపమా, అన్నం తిన్నావా. అంతే."

"మరి ఆ సాయంత్రం ఈ ఇంటి ఛాయలకే రాలేదన్న మనిషికి ఎలా తెలిసింది?"

ఇన్‌స్పెక్టరు ఒక్క క్షణం వదినను చూశాడు. మొదటిసారి ఆ చూపులో వెక్కిరింత లేదు. లాప్‌టాప్ తెరను సెల్లుతో ఫోటో తీసుకుని, జీపు తాళాలు అందుకుని బయటికి పరుగెత్తాడు.

"క్లినిక్ ఎంత దూరం?" అని వెనకనుంచి అడిగింది భూతద్దం.

"పావుగంట! వాడు అప్పటిదాకా అక్కడే ఉంటేనే కదా!"

రైలుబాబు బొమ్మ కదిలింది. ఒక అడుగు. ఇంకో అడుగు. వెళ్ళిపోయేవాడు చివరిసారి చుట్టూ చూసుకున్నట్టు.

లెక్చరరమ్మ కళ్ళజోడు తీసుకుంది. ఒక అద్దం పగిలింది, అలాగే పెట్టుకుంది. నేల మీది లాప్‌టాప్‌ను మెల్లగా తన ఒళ్ళోకి లాక్కుని, రెండు వేళ్ళతో టైపు చేసింది.

'నేను, అత్తయ్యని. నువ్వు చెప్పు నాయనా. నేను నీ మాటే వింటాను. మొదట్నుంచీ చెప్పు.'

బొమ్మ ఆగిపోయింది. తెర మూల మూడు చుక్కలు మెరవడం మొదలుపెట్టాయి. అతను టైపు చేస్తున్నాడు.